గోడ అవతలి మిషను

దేవకుమారికి ఆ మిషను ముందు వీపుతోనే పరిచయం. కళ్ళతో చూసింది పదకొండేళ్ళ తర్వాత.

నల్లపాడు దాటాక రోడ్డు పక్కన వరసగా కోల్డ్ స్టోరేజీలు కనిపిస్తాయి. ఆ పేరుతో వాటిని పిలిచేవాళ్ళు తక్కువ. రైతులకీ కూలీలకీ ఆటోవాళ్ళకీ అవి ‘ఏసీలు’. ఫిబ్రవరి మొదలు మే దాకా ఎండుమిర్చి కుక్కిన టిక్కీలు, అంటే గోతాం బస్తాలు, లారీల మీద వచ్చి ఆ ఏసీల్లోకి చేరతాయి. రంగు పోకుండా, ఘాటు తగ్గకుండా నెలల తరబడి ఆ చల్లటి గదుల్లో ఉంటాయి. అలాంటి ఒక ఏసీని ఆనుకునే రేకుల షెడ్డు ఉంది. అందులో నలభైమంది ఆడవాళ్ళు కింద కూర్చుని మిరపకాయల తొడిమలు తీస్తారు. చీర మీద మగవాళ్ళ చొక్కా, ముక్కుకూ నోటికీ తువ్వాలు. సాయంత్రానికి చేతులు మండుతుంటే కొబ్బరినూనె రాసుకుని ఇళ్ళకు పోతారు.

ఆ నలభైమందిలో దేవకుమారి ఒకతె. వయసు ముప్పైతొమ్మిది. పదో తరగతి పాసైన వేసవిలోనే ఎలీషాతో పెళ్ళయింది. ఎలీషా మిర్చియార్డులో హమాలీ. కూతురు స్తుతి ఇంటరు చదువుతోంది. షెడ్డులో దేవకుమారి కూర్చునే చోటు ఎప్పుడూ ఒకటే, తూర్పు గోడకు వీపు ఆనించి. గోడ అవతల మిషన్ రూము. ఏసీ మొత్తానికీ చలి పుట్టేది అక్కడే అంటారు. మిషను తిరుగుతున్నంతసేపూ గోడ సన్నగా అదురుతూ ఉంటుంది, పిల్లి ఒళ్ళో పడుకుని గుర్రుమంటున్నట్టు. మిగతా ఆడవాళ్ళకు ఆ అదురు చికాకు. దేవకుమారికి మాత్రం దాని మీద ఒక కుతూహలం. అవతల ఏముంటుంది? ఇంత వేసవిలో చలి ఎట్లా పుడుతుంది? ఐస్ గడ్డలు వేస్తారా? ఒకసారి మేస్త్రిని అడిగింది. “ఏముంటది, మిషను,” అన్నాడు. మిషన్ రూము తలుపు మీద ‘అనుమతి లేనిదే లోపలికి రాకూడదు’ అని ఎర్ర రంగుతో రాసి ఉంటుంది. లోపలికి వెళ్ళేవాళ్ళందరూ మగవాళ్ళే.

ఏప్రిల్ రెండో వారంలో ఒక ఉదయం, కూర్చున్న కాసేపటికే ఆమె చేయి ఆగింది. పక్కనున్న జాన్‌బీని మోచేత్తో పొడిచింది.

“జాన్‌బీ, ఒకసారి నీ వీపు ఇక్కడ ఆనించు.”

“ఎందుకక్కా?”

“ఆనించమన్నా గదా.”

జాన్‌బీ జరిగి కూర్చుంది. “ఏముంది? రోజూ ఉండేదేగా.”

“కాదు. ఇన్నాళ్ళూ ఒక్కటే ఉండేది. ఇయ్యాల దాని ఎనకాల ఇంకోటి ఉంది, చిన్నది. ముందు మనిషి నడుస్తుంటే ఎనక మనిషి కాలు ఈడుస్తున్నట్టు.”

“నీ నడుముకి వయసొచ్చిందక్కా,” అంది జాన్‌బీ. చుట్టూ ఉన్నవాళ్ళు తువ్వాళ్ళ కింద నవ్వారు. దేవకుమారి కూడా నవ్వింది. కానీ మధ్యాహ్నం అందరూ క్యారేజీలు విప్పుతుంటే ఆమె లేచి మిషన్ రూము దగ్గరికి వెళ్ళింది.

పగటి డ్యూటీ ఆపరేటరు పిచ్చయ్య తలుపు పక్కన స్టూలు మీద కూర్చుని మజ్జిగ తాగుతున్నాడు. అరవై దాటిన మనిషి. ఒంగోలు వైపు పల్లె నుంచి ముప్పైయేళ్ళ కిందట వచ్చి ఈ మిషన్లలోనే తల పండించుకున్నాడు. మోకాళ్ళు అరిగిపోయాయి. మాటలు తక్కువ.

“పిచ్చయ్య బాబాయ్, మీ మిషను ఏదోగా తిరుగుతోంది. గోడ అదురు మారింది,” అంది.

ఆయన ఆమెను కిందికీ పైకీ చూశాడు. కోప్పడతాడేమో అనుకుంది. కోప్పడలేదు. గ్లాసు కింద పెట్టి, మోకాళ్ళ మీద చేతులు ఊని లేచి లోపలికి వెళ్ళాడు. తలుపు తెరిచే ఉంది. రావద్దని అనలేదు కాబట్టి ఆమె కూడా వెళ్ళింది.

లోపల రెండు పెద్ద మిషన్లు. ఒకటి తిరుగుతోంది, ఒకటి ఆగి ఉంది. పిచ్చయ్య పొడుగాటి ఇనుప కడ్డీ తీసుకుని ఒక కొస మిషనుకు, రెండో కొస చెవికి ఆనించి కళ్ళు మూసుకున్నాడు. నాలుగు చోట్ల అట్లా విన్నాడు. మీటర్లు చూశాడు.

“మిషను బాగానే ఉందమ్మాయ్. ఏం మారలా.”

దేవకుమారి ఆ మాట సగమే వింది. ఆమె చూపు గొట్టాల మీద ఉంది. తొడంత లావు గొట్టం ఒకటి బయటి నుంచి వచ్చి మిషనులో కలుస్తోంది. దాని ఒంటినిండా తెల్లటి మంచు. అదే మిషను నుంచి ఇంకో గొట్టం పైకి పోతోంది. ఆమె దాని వైపు చేయి చాచింది.

“ముట్టుకోవద్దు! కాలుద్ది,” అరిచాడు పిచ్చయ్య.

ఆమె చేయి వెనక్కి తీసుకుంది. “ఒకే మిషనుకి ఒకపక్క మంచు, ఇంకోపక్క నిప్పా?”

“అది వచ్చేది. ఇది పొయ్యేది.”

“ఎక్కడి నుంచి వచ్చేది? ఎక్కడికి పొయ్యేది?”

పిచ్చయ్య కడ్డీని గోడకు ఆనించి పెట్టాడు. ఈ ముప్పైయేళ్ళలో ఓనర్లు అడిగింది చలి తగ్గిందా లేదా అని. హెల్పర్లు అడిగింది ఇంటికి ఎప్పుడు పోవచ్చని. ఇట్లాంటి ప్రశ్న ఎవరూ అడగలేదు. “అన్నం టైము అయిపోద్ది, పో,” అన్నాడు చివరికి.

ఆ రాత్రి అన్నం తింటూ ఎలీషాకు చెప్పింది, ఒక గొట్టం మీద మంచు, ఒకటి మంట అని. “అయితే ఏందంట?” అన్నాడు ఎలీషా. ఏందో ఆమెకూ తెలియదు. అందుకే నిద్ర పట్టలేదు.

మిషను బాగుందంటే మరి అదురు ఎందుకు మారింది? తన వీపు అబద్ధం చెప్పదని ఆమె గట్టి నమ్మకం. మర్నాడు చోటు మార్చి కూర్చుంది. మేస్త్రి వింతగా చూశాడు. తలుపు దగ్గర గోడ ఎప్పటిలాగే ఉంది. రెండో స్తంభం దగ్గర కొంచెం తేడా. మూడో స్తంభం దగ్గర ఆ కాలు ఈడ్చే అదురు బాగా తెలుస్తోంది. వీపును ఎవరూ నమ్మరని, మూడో రోజు స్టీలు గ్లాసులో నిండా నీళ్ళు పోసి గోడ వెంబడి ఒక్కొక్క చోటే ఆనించి పెట్టింది. మొదటి చోట నీళ్ళ మీద సన్నటి వలయాలు. మూడో స్తంభం దగ్గర నీళ్ళు గిలగిల కొట్టుకున్నాయి. పదకొండింటికి మిషను గంటసేపు ఆపారు. నీళ్ళు అద్దంలా నిలిచాయి. తిప్పగానే మళ్ళీ గిలగిల.

“ఏందక్కా ఇది, చిన్నపిల్లల ఆటలు?” అంది జాన్‌బీ. కానీ ఆమె కూడా తొడిమలు తీయడం ఆపి గ్లాసు వంక చూస్తూనే ఉంది.

“తిరిగేది అక్కడ. కొట్టుకునేది ఇక్కడ,” అంది దేవకుమారి. “అంటే మిషనుకీ ఈ స్తంభానికీ మధ్య ఏదో ఉంది.”

బయటికి వెళ్ళి తలెత్తి చూసింది. షెడ్డు రేకుల పైన, గోడ వెంబడి, మిషన్ రూము నుంచి టిక్కీలుండే మూడో నంబరు గదికి గొట్టాలు పోతున్నాయి. కింద నుంచి అంతకుమించి కనపడలేదు. హమాలీలు టిక్కీలు పేర్చే నిచ్చెన ఖాళీగా ఉంది. అన్నం వేళ, చుట్టుపక్కల ఎవరూ లేరు. చీర కుచ్చెళ్ళు దోపుకుని ఎక్కింది.

మూడో స్తంభం మీద గొట్టాన్ని పట్టి ఉంచే ఇనుప పట్టీ ఒకటి ఉంది. దాని బోల్టు ఊడిపోయింది. గొట్టం కింది ఇనుప దిమ్మ మీద పడి, మిషను తిరిగినప్పుడల్లా దాన్ని కొట్టుకుంటోంది. పైన చుట్టిన రేకు చిరిగి, లోపలి మెత్త తడిసి ముద్దయింది. రాపిడికి గొట్టం ఒకచోట వెండిలా మెరుస్తోంది. ఆమె ముక్కుకు కట్టిన తువ్వాలు కిందికి లాగింది. మిరప ఘాటు కాదు, ఇంకేదో వాసన. ముక్కులో సూదితో గుచ్చినట్టయి, కళ్ళలో నీళ్ళు తిరిగాయి.

“ఎవరండీ అది? దిగండి! దిగండి ముందు!” కింద మేనేజరు త్రినాథ్ కేకలు వేస్తున్నాడు. ముప్పైయేళ్ళ కుర్రాడు. అరిచేటప్పుడు కూడా ‘అండి’ మరిచిపోడు. “కాలు జారితే ఎవరండీ సమాధానం చెప్పేది?”

“సార్, పిచ్చయ్య బాబాయిని పిలవండి. గొట్టం కారుతోంది.”

పిచ్చయ్య వచ్చాడు. నిచ్చెన రెండు మెట్లు ఎక్కి, మోకాలు పట్టుకుని ఆగిపోయాడు. దిగి, తలెత్తి పైకి చూశాడు. హెల్పరు పనిమానేసి వెళ్ళి రెండేళ్ళయింది. అప్పటినుంచి ఆ పైకి ఎక్కి చూసినవాళ్ళు లేరని అక్కడున్న ముగ్గురిలో ఆయన ఒక్కడికే తెలుసు.

“త్రినాథ్ గారూ, షెడ్డులో ఆడాళ్ళందర్నీ ముందు గేటు అవతల చెట్టు కిందికి పంపండి. గాలి అటు కొట్టట్లా,” అన్నాడు. తర్వాత దేవకుమారి వైపు తిరిగాడు. “మళ్ళీ ఎక్కగలవా?”

“ఎక్కుతా.”

“భయంగా లేదా?”

“ఉంది. ఏం చెయ్యాలో చెప్పు.”

ఆయన లోపలి నుంచి ముఖానికి తగిలించుకునే మాస్కు తెచ్చాడు. మగవాళ్ళ ముఖానికి చేసిన మాస్కు. పట్టీలు బిగించి, ఇంకా వదులుగా ఉంటే వెనక ముడి వేశాడు. గంధకం పూసిన వత్తి ఒకటి వెలిగించి ఆమె చేతికి ఇచ్చాడు. “గొట్టానికి దగ్గరగా మెల్లగా జరుపు. గొట్టంలో తిరిగే గ్యాసు అమ్మోనియా. అది కారేచోట తెల్లగా పొగ లేస్తది. ఎక్కడ బాగా లేస్తదో అక్కడ సుద్దతో గీత గియ్యి. గీసి వెంటనే దిగు. అక్కడే కూర్చుని చూడబాకు.”

చూడబాకు అని ఎందుకన్నాడో ఆమెకు పైకి వెళ్ళాక అర్థమైంది. వత్తి జరుపుతుంటే మామూలుగా సన్నటి పొగ. మెరిసే చోటికి రాగానే ఏమీ లేని గాలిలోంచి తెల్లటి మబ్బు తునక పుట్టింది. వెనక్కి జరిపితే పోయింది. మళ్ళీ దగ్గరికి తెస్తే మళ్ళీ పుట్టింది. కంటికి కనపడనిది అట్లా కనపడటం ఆమె ఎన్నడూ చూడలేదు. మూడోసారి కూడా చూడాలనిపించింది. గీత గీసి దిగింది.

ఆ తర్వాత గంటన్నర పిచ్చయ్య చెప్పడం, ఆమె తిప్పడం. మూడో గదికి వెళ్ళే అమ్మోనియా కట్టేసి, గొట్టంలో మిగిలినదాన్ని మిషను పూర్తిగా లాగేసేదాకా ఆగి, రెండోవైపు వాల్వు కూడా బిగించాలి. వాల్వు చక్రం తుప్పుతో బిగుసుకుపోయింది. ఆమె రెండు చేతులా పట్టుకుని, ఒక కాలు గోడకు తన్నిపెట్టి తిప్పింది. మీటరు ముల్లు మెల్లమెల్లగా కిందికి దిగుతుంటే పిచ్చయ్య “ఇంకొంచెం... ఇంకొంచెం... చాలు,” అన్నాడు. సాయంత్రానికి వెల్డర్లు వచ్చి గొట్టం కోశారు. గీత గీసిన చోట వెంట్రుకంత చీలిక ఉంది.

మర్నాడు త్రినాథ్ ఆమెను ఆఫీసుకు పిలిచి శాలువా కప్పాడు. అందరూ చప్పట్లు కొట్టారు. ఓ మూల కుర్చీలో కూర్చున్న పిచ్చయ్య అన్నాడు, “శాలువా ఎందుకండీ ఈ ఎండల్లో. నాకు హెల్పరు కావాలని రెండేళ్ళుగా అడుగుతున్నా. ఈ అమ్మాయిని ఇవ్వండి.”

త్రినాథ్ నవ్వబోయి ఆగాడు. “లేడీస్‌నా? మిషన్ రూములోనా? ఓనరుగారు ఏమంటారండీ? వేరే ఏసీల్లో ఎక్కడైనా ఉన్నారా?”

“నాకు తెలిసి లేరు.”

“మీకు నేర్పటం కుదురుద్దా?”

“తెలీదు. ఆడాళ్ళకి పని చెప్పిన అలవాటు నాకు లేదు.” పిచ్చయ్య దేవకుమారిని చూశాడు. “నువ్వేమంటావ్?”

“ఆ మంచు, ఆ నిప్పు సంగతి చెప్తానంటే వస్తా,” అంది.

ఇంట్లో ఎలీషా ఒప్పుకోలేదు. యార్డులో ఎవరో ఏదో అంటారని కాదు, ఆ గ్యాసు భయం. “ఊపిరి ఆడక పడిపోతే? నలభైమందిలో కూర్చుని చేసుకునే పని ఉంది గదా, ఆ గదిలో ఏం పని నీకు?”

“షెడ్డులో మాత్రం ఏం ఊపిరి ఆడుతుంది?” అంది దేవకుమారి. “మిషన్ రూములో ఊపిరి దేనికి ఆడదో తెలుసుకుని మరీ పనిచేస్తారు.” స్తుతి నవ్వింది. మూడో రోజు ఎలీషా తనే ఆమెను బండి మీద దింపాడు. మిషన్ రూము తలుపు దాకా వచ్చి, లోపలికి తొంగి చూసి, కిటికీలు ఎన్ని ఉన్నాయో చూసుకుని వెళ్ళాడు.

కష్టమైంది జాన్‌బీని వదలడం. షెడ్డులో చేతులు పనిలో ఉన్నా నోళ్ళు ఊరుకోవు. ఎవరింట్లో ఏం వండారో, ఎవరి కోడలు ఏమందో పొద్దుగూకేదాకా సాగుతుంది. మిషన్ రూములో చెవులు చిల్లులు పడే మోత, ఒక పలకని మనిషి. మొదటి వారం దేవకుమారి అన్నం వేళకు పరుగెత్తుకుంటూ షెడ్డుకు పోయేది. వాళ్ళు జరిగి చోటిచ్చేవాళ్ళు. కానీ పొద్దుటి నుంచి నడిచిన కబుర్లు ఆమెకు సగమే అర్థమయ్యేవి. “నీకేంటక్కా, ఆపరేటరమ్మవి,” అంది జాన్‌బీ ఒకరోజు. వేళాకోళమే. అయినా ఆ మధ్యాహ్నం ఆమె క్యారేజీ మూత ముందే పెట్టేసి లేచింది.

పిచ్చయ్య మాట నిలబెట్టుకున్నాడు. సుద్దతో నేల మీద బొమ్మ గీశాడు. “అమ్మోనియా గదుల్లోకి పోయి, మిర్చికున్న వేడంతా తాగి, ఆవిరై తిరిగొస్తది. అదే నువ్వు చూసిన మంచు గొట్టం. మిషను దాన్ని పిండుద్ది. పిండితే తాగిన వేడి బయటపడుద్ది. అది నిప్పు గొట్టం. మిద్దె మీద గొట్టాల పైన నీళ్ళు పోసి ఆ వేడి వదిలించేసి, మళ్ళీ లోపలికి పంపుతాం.”

దేవకుమారి చాలాసేపు బొమ్మ చూసింది. “సైకిలుకి గాలి కొడితే పంపు కాలినట్టా?”

పిచ్చయ్య తలెత్తాడు. “అట్టాగే.”

“అంటే మనం చలి తయారు చెయ్యట్లేదు బాబాయ్. లోపలి వేడి మోసుకొచ్చి బయట పారబోస్తన్నాం.”

ఆయన సుద్ద పక్కన పెట్టాడు. “నాకు ఆ మాట అర్థం కావటానికి నాలుగేళ్ళు పట్టింది,” అన్నాడు.

తప్పులు కూడా చేసింది. జూన్‌లో ఒకరోజు పైన నీళ్ళ పంపు వేయకుండానే మిషను తిప్పింది. వేడి పోయే దారి లేక ముల్లు ఎర్ర గీత దాటి, మిషను దానంతటదే పెద్ద చప్పుడుతో ఆగిపోయింది. హమాలీలు పరుగెత్తుకొచ్చి తలుపు దగ్గర గుంపు కట్టారు. వాళ్ళు చాలా రోజులుగా అట్లాంటి దాని కోసమే చూస్తున్నట్టుంది. పిచ్చయ్య వాళ్ళను పొమ్మని, ఆమె చేత వరస చెప్పించాడు, ముందు నీళ్ళు, తర్వాత నూనె, తర్వాత మిషను. అంతే. తిట్టలేదు. తిడితే తేలిగ్గా ఉండేదేమో అనుకుంది.

రాత్రి డ్యూటీ ఆపరేటరు బాపయ్యకు రిజిస్టరులో ఆమె రాసిన రీడింగుల మీద నమ్మకం లేదు. డ్యూటీ ఎక్కగానే ప్రతి మీటరూ తను మళ్ళీ చూసి, పక్కన తన అంకె వేసేవాడు. రెండు నెలలు రెండు అంకెలూ ఒకటిగానే ఉన్నాయి. ఆ తర్వాత ఒకరోజు ఆయనే అడిగాడు, “ఈ చివరి గడి ఏందమ్మా, నువ్వు అదనంగా గీసింది?”

“బయట ఎండ ఎంతుందో రాస్తన్నానండి. ఎండ పెరిగితే ఎన్ని గంటలు ఎక్కువ తిరుగుతోందో చూద్దామని.”

బాపయ్య బుర్ర గోక్కున్నాడు. వారం తర్వాత రాత్రి పేజీల్లో కూడా ఆ గడి నిండి ఉంది.

జనవరిలో పిచ్చయ్య మోకాలి ఆపరేషన్‌కు ఒంగోలు వెళ్ళాడు. రెండు నెలలు రాడు. వెళ్ళేముందు తన పాత నోటుబుక్కులన్నీ ఒక సంచిలో వేసి ఆమెకు ఇచ్చాడు. కొత్త మిర్చి వచ్చేలోపు రెండో మిషను విప్పి బాగుచేయించాలి. మిషను కంపెనీ నుంచి మెకానిక్కు వీరబాబు వచ్చాడు. పాతికేళ్ళుంటాయి. భుజాన పెద్ద పెట్టె. నేరుగా త్రినాథ్ దగ్గరికి వెళ్ళి, ఆపరేటరును పిలవమన్నాడు.

“మీ వెనకాలే ఉన్నారండి,” అన్నాడు త్రినాథ్.

వీరబాబు తిరిగి చూసి, పెట్టె తెరిచాడు. ఇద్దరూ కలిసి మిషను మూతలు విప్పారు. ఇన్నాళ్ళూ బొమ్మల్లో చూసిన పిస్టన్లు నూనెలో నల్లగా మెరుస్తూ బయటపడ్డాయి. దేవకుమారి ఒక్కొక్క భాగాన్నీ తుడిచి, గోనెసంచి మీద వరసగా పేర్చింది. సిలిండర్ల మీద గ్యాసు దారి తెరిచి మూసే నాలుగు వాల్వు ప్లేట్లు పక్కపక్కన పెట్టాక, ఆమె వంగి చూసింది. మూడు బాగానే ఉన్నాయి. రెండో సిలిండరుది మాత్రం ఒకపక్క అరిగి పలచబడింది.

“ఇదొక్కటే ఎందుకు అరిగిందండి?”

“అరుగుతాయమ్మా. కొత్తది తెచ్చా, వేసేద్దాం.”

“పోయిన ఏడు కూడా రెండో దానికే వేశారు. అంతకుముందు ఏడూ అదే.” ఆమె సంచిలోంచి నోటుబుక్కులు తీసి, పిచ్చయ్య వంకర అక్షరాలున్న పేజీలు చూపించింది. “మూడేళ్ళు. ప్రతిసారీ రెండోదే, ప్రతిసారీ ఈ పక్కనే.”

వీరబాబు మొదటి పేజీ నిలబడి చదివాడు. రెండో పేజీకి స్టూలు లాక్కున్నాడు. మూడోది చదివాక ప్లేటును వెలుతురుకు పట్టి తిప్పితిప్పి చూశాడు.

“నాకు తెలీదండి,” అన్నాడు. అప్పటిదాకా అమ్మా అన్నవాడు అండీ అన్నాడు. “ఎవరూ అడగలా. పాడైంది మార్చటమే మా పని.”

“మరి చూద్దామా?”

“టైము పడుద్ది. మొత్తం కిందిదాకా విప్పాలి.”

“సరుకు రావటానికి ఇంకా తొమ్మిది రోజులుంది.”

వీరబాబు గడియారం చూసుకున్నాడు, ఫోను తీసి ఎవరికో ఈ రోజు రాలేనని చెప్పాడు. చొక్కా చేతులు పైకి మడిచాడు. దేవకుమారి గోడ మీది లైటు విప్పి, తీగ పొడవు చూసుకుని, మిషను పక్కన బోర్లా పడుకుంది. రెండో సిలిండరు కిందికి వెలుగు పట్టింది.

“కొంచెం ఎడమకండి,” అన్నాడు వీరబాబు.

ఆమె ఎడమకు జరిపింది. ఇద్దరూ తలలు దగ్గరగా పెట్టి లోపలికి చూశారు.